నాలుగో నరం

వరుణ్ నిద్రపోతేనే పరీక్ష అవుతుందని మౌక్తిక మేడం చెప్పింది. వాడు సరిగా నిద్రపోయి అప్పటికి చాలా రోజులైంది.

అసలే కన్ను మూయలేదని కాదు. మూసేవాడు, కాసేపటికే ఉలిక్కిపడి లేచి ఏడ్చేవాడు. పాలకు తీసుకుంటే నాలుగు గుక్కలు తాగి తల పక్కకు తిప్పేసేవాడు. ఊపిరి తొందర తొందరగా తీసేవాడు. పక్కటెముకల కింద చర్మం లోపలికి పోయి బయటికి వచ్చేది. నేను వాడి పొట్ట మీద అరచెయ్యి పెట్టుకుని కూర్చునేదాన్ని. చెయ్యి తీస్తే ఏదో అవుతుందని కాదు, పెట్టకపోతే నాకు తోచదు.

వాడికి ఏడో నెల. పుట్టినప్పుడు పెదవులు నేరేడు పండ్లు తిన్నట్టు నీలంగా ఉండేవి. ఊపిరితిత్తుల్లో శుభ్రమైన రక్తం నాలుగు నరాల్లో గుండె ఎడమ పక్కకు రావాలట. మావాడికి ఆ నాలుగూ ఎడమకు రాకుండా, ఒకచోట కలిసి కుడి పక్కకు పోయాయి. నెల నిండకముందే అహ్మదాబాదులో ఆపరేషన్ చేసి, ఆ నాలుగూ కలిసిన చోటును ఎడమ గదికి కుట్టారు. ఇంటికి పంపేటప్పుడు ఒక మాట చెప్పారు. కుట్టు పడ్డ చోట కొంతమంది పిల్లలకు నరాలు మళ్లీ సన్నబడతాయి. సన్నబడితే ఊపిరి వేగంగా తీస్తారు, పాలు తాగరు, నిద్రపోరు. అలా కనిపిస్తే ఆలస్యం చేయకండి అన్నారు. ఇప్పుడు ఆ గుర్తులన్నీ వాడిలో కనిపిస్తున్నాయి.

మేడం వాటిని సిరలు అంటుంది. మా ఇండ్లలో ఒంట్లో పారేవన్నీ నరాలే. నేను నరాలు అంటే ఆమె దిద్దలేదు. తర్వాత తర్వాత నాతో మాట్లాడేటప్పుడు ఆమె కూడా నరాలనే అనేది.

ఆమె వరాఛాలోని ఒక ఆసుపత్రిలో పిల్లల గుండె డాక్టరు. కాకినాడ వైపు మనిషి, సూరత్ వచ్చి రెండేళ్లు కాలేదు. మొదటిసారి మా ఆయన పరమేశ్ హిందీలో మొదలుపెడితే, ఆమె చీటీ మీద పేర్లు చూసి, "తెలుగువాళ్లేనా? మరి హిందీ ఎందుకండీ, నాకూ కష్టమే" అంది. పరమేశ్ ఆ తర్వాత కూడా సగం హిందీలోనే మాట్లాడాడు. డాక్టరుతో తెలుగులో మాట్లాడటం వాడుక లేదు మాకు.

ఆ మొదటిసారి పరీక్ష కుదరలేదు. ఎకో గది చీకటిగా, చల్లగా ఉంది. తలుపు వేస్తే బయట మనుషుల మాట కూడా వినబడదు. పిల్లలు పడుకోవాలని అలా కట్టారట. మంచం మీద వేయగానే వరుణ్ ఏడుపు మొదలుపెట్టాడు. ముందే నిద్రమందు తాగించారు. కొంతమంది పిల్లలకు అది తిరగబడుతుందని సిస్టరు చెప్పింది, మావాడికి తిరగబడింది. నేను వాడి తల పట్టుకున్నాను, పరమేశ్ కాళ్లు పట్టుకున్నాడు. మేడం ఛాతీ మీద జిగురు పూసి, చేతిలో ఉన్న గుండ్రటి దాన్ని ఆనించి, తెర వైపు చూస్తూ కూర్చుంది. తెర మీద ఎరుపూ నీలమూ కలిసిపోయి కదిలేవి.

"ఇది డాప్లర్ అమ్మా" అంది, చెయ్యి కదపకుండానే. "రక్తం ఎంత జోరుగా పోతోందో చెబుతుంది. నీళ్ల పైపు మూతిని వేలితో సగం మూస్తే నీళ్లు చిమ్ముతాయి కదా? నరం సన్నబడినా అంతే. అక్కడ రక్తం చిమ్ముతుంది."

"మా వానికి చిమ్ముతుందా మేడం?"

"మూడు నరాలు కొంచెం కొంచెం కనిపించాయి. నాలుగోది, ఎడమ పక్క పైది, అది జోరు ఎక్కువ చూపిస్తోంది. కానీ ఇలా గుక్కపట్టి ఏడుస్తుంటే ఎవరికైనా ఎక్కువే చూపిస్తుంది. ఈ అంకెను నేను నమ్మను. అలాగని వదిలేయలేను."

ఆమె తెరను ఆపి చూపించింది. కింద ఒక అడ్డగీత. గీత మీద గుట్టల్లా లేచిన తెల్లటి ఆకారం. మంచి నరంలో రెండు గుట్టలు లేచి, తర్వాత కిందికి దిగి గీతను తాకాలట. సన్నబడిన నరంలో దిగదు. పైనే ఉండిపోతుంది, ఎందుకంటే అక్కడ రక్తానికి తీరిక ఉండదు. వరుణ్ నాలుగో నరం బొమ్మలో గుట్టలు ఒకదాని మీద ఒకటి ఎక్కి కూర్చున్నాయి. గీతకూ వాటికీ నడుమ ఖాళీ నల్లగా కనిపించింది.

నేను చదివింది ఏడు వరకే. ఈ ఊళ్లోనే, తెలుగు నేతవాళ్లుండే ఉధ్నాలో పెరిగాను. మా బడిలో తెలుగు అక్కడితో అయిపోయింది, ఇంట్లోవాళ్లు నన్ను మగ్గాలకు నూలు కండెలు చుట్టడానికి పెట్టారు. బడిలో చూసిన బొమ్మలేవీ నాకు ఇప్పుడు గుర్తులేవు. ఆ బొమ్మ మాత్రం ఇంటికి వచ్చాక కూడా కళ్ల ముందే ఉంది.

"వచ్చే వారం ఇంకోసారి చూద్దాం" అంది మేడం. "పొద్దుటి నుంచి పడుకోనివ్వకండి. ఆకలి మీద తీసుకురండి. ఇక్కడే పాలిచ్చి పడుకోబెడదాం. నిద్రమందు మళ్లీ వద్దు, జలుబు కూడా ఉంది. అప్పుడూ కుదరకపోతే అహ్మదాబాద్ పంపిస్తాను. అక్కడ మత్తు ఇచ్చి తొడ దగ్గర నుంచి సన్నగొట్టం లోపలికి పంపి చూస్తారు. సన్నబడిందని తేలితే మళ్లీ ఆపరేషన్ కావచ్చు."

"మత్తు ఇస్తే లేస్తడా?" అని పరమేశ్ అడిగాడు.

"లేపడానికే ఇస్తారండీ" అంది. ఆ తర్వాత, "ఇలాంటి గుండె ఉన్న పిల్లలకు మత్తు అంత తేలిక కాదు. అందుకే ఇక్కడ తేలితే బాగుంటుందని నా ఆశ" అంది.

ఆపరేషన్ అయ్యాక గది దొరకడానికి నెలలు పట్టి, కొన్ని వారాల ముందే మేము ఉధ్నా నుంచి ఊరి చివరనున్న ఉన్‌కు మారాము. ఉధ్నాలో మా గది సాంచెల షెడ్డుకు ఆనుకుని ఉండేది. సాంచెలు అంటే కరెంటు మగ్గాలు, చీర బట్ట నేసేవి. నడుమ ఒక్క ఇటుక గోడ. పగలూ రాత్రీ రెండు షిఫ్టులు నడిచేవి. నూలు దుమ్ము కిటికీ చువ్వల మీద బూజులా వేలాడేది. ఊపిరితిత్తుల బిడ్డ, దుమ్ములో పెట్టవద్దు, ప్రశాంతంగా ఉంచండి అన్నారు అహ్మదాబాదులో. ప్రశాంతం అన్న మాటను మేము గట్టిగా పట్టుకున్నాము. ఉన్‌లో గల్లీ చివర, మొదటి అంతస్తులో గది చూసుకున్నాము. పక్కన ఖాళీ జాగా. పగలు కూడా పిచ్చుకల చప్పుడు తప్ప ఏమీ ఉండదు. అత్తమ్మ మాత్రం ఉధ్నా గదిలోనే మరిది దగ్గర ఉండిపోయింది. "ఆ మూగ ఇంట్ల నాకు మెతుకు దిగదు బిడ్డా" అంది.

రెండో పరీక్ష రోజు పొద్దున్నే లేపాను వాడిని. లేపడమేంటి, లేచే ఉన్నాడు. పదింటి దాకా కూర్చోబెట్టి, ఎత్తుకుని తిప్పి, గిలక ఆడించి, కన్ను మూతపడినప్పుడల్లా తడిబట్టతో ముఖం తుడిచాను. తెల్లవారుజామున షిఫ్టుకు పోయిన పరమేశ్‌ను దారిలో ఎక్కించుకోవాలి. ఆటోలో ఉధ్నా చేరేసరికి వరుణ్ ఏడ్చి ఏడ్చి గొంతు బొంగురు పోయింది. ఆటోవాడు రెండుసార్లు వెనక్కి తిరిగి చూశాడు.

గల్లీలోకి తిరిగి షెడ్డు ముందు ఆగాము. పరమేశ్ ఇంకా బయటికి రాలేదు. అత్తమ్మ గది తలుపు దగ్గర నిలబడి ఉంది, వచ్చి బిడ్డను నా చేతుల్లోంచి తీసుకుంది.

"ఏంది పిల్లా, పోరడు గిట్ల పీక్కపోయిండు?"

"నిద్ర లేదు అత్తమ్మా. పడుకోనియ్యద్దన్నరు కూడా."

"పడుకోనియ్యక ఏం పరీక్ష చేస్తరు? ఆ డాక్టరమ్మకు పిల్లలున్నరా?"

"నాకు తెల్వది. నువ్వు ఊపకు, పండుతడు."

"నేను ఊపుతలేను."

ఆమె ఊపడం లేదు. ఊరికే భుజాన వేసుకుని నిలబడింది. షెడ్డు తలుపు తెరిచే ఉంది, లోపల సాంచెలు వరుసగా కొట్టుకుంటున్నాయి. ఆ చప్పుడు చెవిలో కన్నా ముందు అరికాళ్లలో తెలుస్తుంది. వరుణ్ తల అత్తమ్మ మెడ మీద వాలిపోయింది. నేను ముఖం పక్కకు వెళ్లి చూశాను. నోరు తెరుచుకుని నిద్రపోతున్నాడు. ఎన్నో రోజులుగా నేను చూడని నిద్ర అది. పరమేశ్ చేతులు తుడుచుకుంటూ వచ్చి చూసి, మెల్లగా ఆటో ఎక్కాడు.

"గిట్లనే తీస్కపోదాం" అన్నాను గొంతు తగ్గించి. అత్తమ్మ మెల్లగా నా ఒళ్లో పెట్టింది. కదలలేదు. ఆటో గల్లీ దాటింది, షెడ్లు దాటింది, పెద్ద రోడ్డు మీదికి తిరిగింది. సాంచెల చప్పుడు వెనకపడింది. వరుణ్ కళ్లు తెరిచి నా వైపు ఒకసారి చూసి, ఏడుపు అందుకున్నాడు.

వంతెన కింద సిగ్నల్ దగ్గర ఆగినప్పుడు పరమేశ్ అన్నాడు.

"మన గల్లీల కరెంటు పోతే ఏమైతుండె, యాదికున్నదా?"

"ఏమైతుండె?"

"సాంచెలు బంద్ అయితె పిల్లలందరు ఒక్కసారే లేస్తుండె. మా అమ్మ అంటుండె, కరెంటోళ్ల కంటె ముందు వీళ్లకే తెలుస్తదని."

అది నాకూ తెలుసు. నేనూ ఆ గల్లీలో పెరిగినదాన్నే. వాడు కడుపులో ఉన్నప్పుడు ఎనిమిదో నెల దాకా ఆ గోడ పక్కనే కూర్చుని కండెలు చుట్టాను. తర్వాత ఆసుపత్రిలో ఉన్నన్నాళ్లూ రకరకాల మిషన్లు మోగుతూనే ఉండేవి, నిద్రపోయాడు. ఇంటికి తెచ్చాక మళ్లీ సాంచెలే. వాడు పుట్టాక నిశ్శబ్దం అన్నది చూసింది ఉన్‌లోనే.

"అయితె వానికి నరాలు మంచిగనే ఉన్నయంటవా?"

"నాకేం తెలుసు? నిద్ర సంగతి చెప్తున్న."

"ఊపిరి సంగతి?"

ఆయన బిడ్డ పొట్ట వైపు చూశాడు. ఊపిరి వేగంగానే ఉంది. నిద్ర లేకనో, జలుబుకో, నరానికో మాలో ఎవరికీ తెలియదు. అది తెలియాలంటే వాడు పడుకోవాలి.

ఆసుపత్రిలో చీటీ పిలిచే అమ్మాయి "వరుణ్‌భాయ్ పరమేశ్‌భాయ్" అని కేకేసింది. ఈ ఊళ్లో పాలు తాగే పిల్లాడు కూడా భాయే. ఎకో గదిలో పాలిచ్చాను. నాలుగు గుక్కలు తాగాడు. కన్ను మూశాడు. మంచం మీద వేయగానే లేచాడు. మళ్లీ ఎత్తుకున్నాను. మళ్లీ మూశాడు, మళ్లీ లేచాడు. మేడం రెండుసార్లు వచ్చి చూసి వెళ్లింది. బయట ఇంకా నలుగురైదుగురు పిల్లలు ఉన్నారు. మూడోసారి వచ్చినప్పుడు ఆమె కుర్చీలో కూర్చుని అహ్మదాబాదుకు ఉత్తరం రాసే మాట ఎత్తింది.

పరమేశ్ నన్ను చూశాడు. నేను ఆయన్ని చూశాను. ఇద్దరిలో ఎవరం చెప్పాలో తేలక నేనే చెప్పాను.

"మేడం, వాడు సాంచెల చప్పుడు ఉంటేనే పండుతడు."

"ఏ చప్పుడు?"

"మగ్గాలు మేడం, కరెంటు మగ్గాలు. మేము మగ్గాల పక్కనే ఉంటుంటిమి. ఇందాక గాడ ఆగినం, ఒక్క నిమిషంల పండిండు. దాటంగనే లేచిండు."

ఆమె నవ్వుతుందేమో అనుకున్నాను. నవ్వలేదు. చేతి గడియారం చూసుకుంది.

"ఇక్కడికి మగ్గం తేలేము కదా. ఫోనులో దొరుకుతుందా?"

పరమేశ్ షెడ్డులో తన జతగాడు పరుశురాంకు ఫోను చేశాడు. పరుశురాం ఆయనకు తమ్ముడి వరస, నన్ను వదినా అంటాడు. సంగతి చెప్పి, ఫోనును సాంచె పక్కన పెట్టమన్నాడు. మా ఫోను గొంతు పెంచి మంచం మీద పెట్టాము. ఏమీ లేదు. సన్నగా ఇసుక జారినట్టు ఒక చప్పుడు, అంతే.

"ఒరేయ్, నువ్వు బయటికి పోయినవా?"

"లేదన్నా, సాంచె మీదనే పెట్టిన." పరుశురాం గొంతు మాత్రం గది అంతా నిండింది. "ఇనబడుతుందా వదినా?"

"నీ ఒర్రుడే ఇనబడుతుంది. సాంచె ఇనబడుతలేదు."

"ఇంకేం చెయ్యాలె? దానిమీద నేను పండుకోవాల్నా?"

వరుణ్ ఏడుపు ఆపి ఫోను వైపు చూశాడు, బాబాయి గొంతు గుర్తుపట్టి ఉంటాడు. తర్వాత మళ్లీ మొదలుపెట్టాడు.

"కాల్‌లో రాదండీ" అంది మేడం. "పక్క చప్పుడును ఫోనే తీసేస్తుంది, మాట ఒక్కటే పంపుతుంది. వీడియో తీసి పంపమనండి."

వీడియో రావడానికి ఎంతసేపు పట్టిందో చెప్పలేను. నాకు చాలాసేపు. మేడం బయట ఇంకో బిడ్డను చూసి వచ్చింది. వచ్చిన వీడియోలో బొమ్మ ఏమీ లేదు, ఒక నూనె మరక, సగం పరుశురాం బొటనవేలు. చప్పుడు మాత్రం ఉంది. అచ్చం షెడ్డులో ఉన్నట్టు కాదు, డబ్బాలో పెట్టి మూసినట్టు. అయినా అదే. చెవి దగ్గర వద్దు, కాళ్ల దగ్గర పెట్టండి అంది మేడం. పెట్టాము.

వరుణ్ ఏడుపు వెంటనే ఆగలేదు. ముందు దాని జోరు తగ్గింది. తర్వాత నడుమ నడుమ ఆగి వినసాగాడు. నేను పాలకు తీసుకుని, మంచం మీదే పక్కకు ఒరిగి పడుకున్నాను. వాడి చేతివేళ్లు నా జాకెట్ అంచును వదిలేశాయి. మేడం సిస్టరుకు సైగ చేసి దీపం ఇంకా తగ్గించమంది. జిగురును అరచేతిలో రుద్ది వెచ్చబెట్టి పూసింది.

మొదటి నరం దొరికింది. తెర మీద రెండు గుట్టలు లేచి, కిందికి దిగి గీతను తాకాయి. మళ్లీ లేచాయి, మళ్లీ దిగాయి. నాకు వాటిని చూడటం వచ్చేసింది. మేడం గుర్తులు పెడుతోంది. ఇంతలో కాళ్ల దగ్గర నుంచి పరుశురాం గొంతు వచ్చింది.

"అన్నా, సేఠ్ వస్తుండు, బంద్ చేస్తున్న."

చప్పుడు ఆగిపోయింది. వరుణ్ రెండు చేతులూ పైకి విదిలించాడు. పరమేశ్ వంగి మళ్లీ నొక్కాడు. సాంచెలు మొదలయ్యాయి. చేతులు మెల్లగా కిందికి వచ్చాయి.

షెడ్డులో పని వేళ ఫోను కనబడితే సేఠ్ లాక్కుంటాడు. అందుకని పరుశురాం వీడియో చిన్నదిగా తీశాడు, చివరన ఎందుకు ఆపుతున్నాడో కూడా చెప్పాడు. ఆ మాట రాకముందే వెనక్కి జరుపుదామని పరమేశ్ ఒకసారి చూశాడు. వేలు జారి మొత్తమే ఆగిపోయింది, వరుణ్ ఇంకా ఎక్కువ కదిలాడు. దానికన్నా సేఠ్‌ను రానిచ్చి వెంటనే నొక్కడమే నయమని తేలింది.

రెండో నరం అవుతుండగా సేఠ్ వచ్చాడు. మూడోది వెతుకుతుండగా ఒకసారి వచ్చాడు, దొరికాక ఒకసారి వచ్చాడు. మేడంకు ఆ వేళ పట్టుబడింది. చప్పుడు ఒకచోట కొంచెం మారేది, పక్క సాంచెలో ఏదో తెగి ఆగినట్టు. అది వినగానే ఆమె ఛాతీ మీద చెయ్యి తేలిక చేసి, "ఆగండి, మీ సేఠ్ వస్తున్నాడు" అనేది. ఫోనులో పరుశురాం మాట వచ్చి పోయాక మళ్లీ ఆనించేది. సిస్టరుకు తెలుగు రాదు. అయినా సేఠ్ అన్న మాట అర్థమై, ఆయన ఎవరని పరమేశ్‌ను హిందీలో అడిగింది. మాలిక్ అన్నాడు పరమేశ్. ఆమె తలుపు వైపు చూసింది.

మూడు అయ్యాయి. మూడూ దిగి గీతను తాకాయి.

నాలుగోది దొరకలేదు. మేడం ఆ గుండ్రటి దాన్ని పక్కటెముకల మధ్యకు, మెడ కిందికి, మళ్లీ పక్కకు జరిపింది. ఎడమ ఊపిరితిత్తి అడ్డం వస్తోందని తనలో తాను అనుకుంది. వాడిని ఎడమ పక్కకు కొంచెం ఒత్తిగిల్లజేయమంది. ఒత్తిగిల్లజేస్తే కళ్లు తెరుస్తాడు. నేను వాడి వీపు కింద నా మోచెయ్యి దూర్చి, నేను కూడా వాడితో పాటే తిరిగాను, ఒక్క మనిషి తిరిగినట్టు. కళ్లు తెరవలేదు.

తెర మీద సన్నటి ఎర్రటి పాయ కనిపించింది. మేడం దాని మీద చిన్న గీత పెట్టింది. గుట్టలు రావడం మొదలైంది. మిగతావాటికన్నా ఎత్తుగా ఉన్నాయి. నేను గుట్టల పైభాగం చూడటం మానేసి కింది గీత వైపే చూశాను. అవి లేచాయి. దిగాయి. గీత దాకా వచ్చాయో లేదో ఒకసారికి తెలియలేదు. నాకు తెర నమ్మాలో, మేడం ముఖం నమ్మాలో అర్థం కాలేదు. ఆమె ముఖంలో ఏమీ లేదు. బట్టలో తెగిన పోగు వెతికేటప్పుడు మా ఆయన ముఖం అలాగే ఉంటుంది.

చప్పుడు మారింది. "సేఠ్" అన్నాడు పరమేశ్ మెల్లగా.

ఈసారి మేడం చెయ్యి తీయలేదు.

"అన్నా, సేఠ్ వస్తుండు, బంద్ చేస్తున్న."

పరమేశ్ వేలు సిద్ధంగా పెట్టుకుని ఉన్నాడు, వెంటనే నొక్కాడు. వరుణ్ ఒక్క చెయ్యి మాత్రం విదిలించి, నా వేలు దొరికితే పట్టుకున్నాడు. మేడం ఇంకా కొన్ని గుట్టలు రానిచ్చి, తెరను ఆపి, ఒక్కొక్కదాని మీదా గుర్తులు పెట్టింది. మొదటి రోజు బొమ్మను పక్కన తెచ్చి పెట్టింది. అందులో నల్లటి ఖాళీ అలాగే ఉంది.

"కిందికి దిగుతోంది, చూడండి" అంది.

నేను చూశాను. గుట్ట చివర తోకలా సన్నబడి గీతను ముట్టుకుంటోంది.

"మిగతా మూడింటికన్నా కొంచెం జోరు ఉంది. కానీ సన్నబడింది అనేంత లేదు. ఆ రోజు చూపించింది ఏడుపు వల్లే. గుండె కుడి పక్క ఒత్తిడి కూడా పెరగలేదు. అహ్మదాబాద్ ఇప్పుడు అవసరం లేదు."

పరమేశ్ వంచిన నడుము వంచినట్టే ఉండి, ఫోను మీద నుంచి వేలు తీశాడు.

"ఊపిరి మేడం? పాలు తాగడు కద?"

"జలుబు ఉంది. ముక్కు మూసుకుపోతే పాలు తాగలేరు. నిద్ర లేని పిల్లాడు ఇంకా తాగలేడు. ముక్కులో చుక్కలు రాస్తాను. నాలుగు రోజులు నిద్రపోనిచ్చి మళ్లీ చూపించండి. అప్పటికీ ఇలాగే తీస్తుంటే వేరేది వెతుకుదాం."

"ముందటికి మూసుకపోతదా అది?"

ఆమె జిగురు తుడుస్తూ చెప్పింది.

"ఇవాళ మూసుకోలేదమ్మా. ముందు సంగతి ఇవాళ చెప్పలేను. మూడు నెలలకు మళ్లీ ఎకో చేద్దాం. ఏడాది దాటితే నాకూ కొంచెం ధైర్యం వస్తుంది."

నేను తల ఊపాను. నాకు కావలసిన మాట అది కాదు. కానీ అబద్ధం చెప్పలేదు.

లేచేటప్పుడు ఆమె అడిగింది. "మళ్లీ మగ్గాల దగ్గరికి వెళ్లిపోతారా?"

"దుమ్ము వద్దన్నరు కద మేడం."

"వద్దు. ఉన్‌లోనే ఉండండి. చప్పుడు పెట్టుకోండి. కొన్నాళ్లకు కొద్దికొద్దిగా తగ్గిస్తూ పోతే అలవాటవుతుంది." తలుపు దాకా వెళ్లి వెనక్కి తిరిగింది. "వచ్చేసారి మాత్రం సేఠ్ లేని వీడియో తీసుకురండి."

బయటికి వచ్చాక పరమేశ్ మెట్ల మీదే కూర్చుని పరుశురాంకు ఫోను చేశాడు. వరుణ్ నా భుజం మీద నిద్రలోనే ఉన్నాడు, సిస్టరు తువ్వాలు కప్పింది.

"నరాలు మంచిగున్నయట రా. ఒక్కటి జర జోరుంది గని, ఇప్పుడు భయం లేదట."

"మంచి మాట చెప్పినవన్నా." అన్నాడు పరుశురాం. "వదిన ఏడుస్తుందా?"

"లేదు. మొహం చూస్తె మాత్రం నన్ను కొట్టేటట్టున్నది."

"నా మీదికి తోలియ్యకు. సేఠ్ పట్టుకున్నడు తెలుసా? ఫోను ఎందుకు తీసినవు అన్నడు. సాంచె ఫోటో తీస్తున్న, ఊళ్ల మా నాయనకు పంపాలె అని చెప్పిన. నాయనకు సాంచె ఎందుకురా, సూరత్ ఎట్లున్నదో పంపు అన్నడు."

"ఇగో, ఇంకోటి తియ్యాలె. పెద్దది. సేఠ్ లేనప్పుడు."

"సేఠ్ లేనప్పుడు సాంచెలు నడుస్తయా అన్నా? నువ్వు నడుపుతున్నవా ఎప్పుడన్న?"

పరమేశ్ నవ్వాడు. నాకు నవ్వు రాలేదు, తర్వాత ఆటోలో వచ్చింది. ఆటో ఉధ్నా మీదుగా పోతున్నప్పుడు అత్తమ్మకు చెప్పిపోదామన్నాడు. వద్దు, గల్లీలో ఆగితే దిగాల్సి వస్తుంది, దిగితే దుమ్ము, ఫోనులో చెప్పు అన్నాను. ఫోనులో చెప్పాడు. అత్తమ్మ అవతల నుంచి, "నేను పొద్దుగాలనే చెప్తి, పోరనికి నిద్ర కావాలె అని. డాక్టరమ్మ ఇప్పుడు చెప్పిందా?" అంది. ఆమె పొద్దున ఆ మాట అనలేదు. నేను అడ్డం చెప్పలేదు.

ఉన్ చేరేసరికి ఎండ కిటికీలోకి వచ్చింది. ఫోనును వాడి కాళ్ల దగ్గర గోడకు ఆనించి, వీడియో అయిపోగానే దానంతట అదే మళ్లీ మొదలయ్యేలా పరమేశ్ ఏదో నొక్కి పెట్టాడు. తర్వాత ఆయన నేల మీద పడుకుని నిద్రపోయాడు. పొద్దున షిఫ్టు మనిషి. నేను బియ్యం కడిగి పెట్టి వచ్చి మంచం అంచున కూర్చున్నాను. వరుణ్ పొట్ట మీద చెయ్యి పెట్టాను. ఊపిరి ఇంకా వేగంగానే ఉంది. నిన్నటికన్నా తక్కువా అంటే చెప్పలేను. తక్కువ అనిపించాలని ఉంది కాబట్టి అనిపిస్తుందేమో. ముక్కులో చుక్కలు వేశాను. తుమ్మి, పెదవులు చప్పరించి, మళ్లీ నిద్రలోకి జారాడు.

బయట ఖాళీ జాగాలో ఎవరో బట్టలు ఆరేస్తున్నారు. గదిలో సాంచెలు నడుస్తున్నాయి. చప్పుడు మారింది. పక్క సాంచెలో ఏదో తెగింది.

"అన్నా, సేఠ్ వస్తుండు, బంద్ చేస్తున్న."

వరుణ్ కదలలేదు. నేనే తలుపు వైపు చూశాను.